తప్పు గాజుది కాదు: ఫైబర్ కేబుల్లో వెలుగు ఎక్కడ పోతుంది?

పోయిన నెలలో ఒక ఎపిసోడ్ రెండు రోజులు ఆలస్యంగా వచ్చింది, గుర్తుందా? చాలామంది కామెంట్లలో అడిగారు కూడా. ఇంట్లో నెట్ లేదు, అందుకే అప్‌లోడ్ కాలేదు అని చెప్పాను. అది నిజమే. కానీ నెట్ ఎందుకు పోయిందో మాత్రం అప్పుడు చెప్పలేదు. ఇవాళ చెప్తాను, ఎందుకంటే దాని వెనకాల దాదాపు 60 ఏళ్ల చరిత్ర ఉంది.

జరిగింది ఇదీ. షూటింగ్ కోసం టేబుల్ జరుపుతూ ఫైబర్ మోడెమ్‌కి ఉండే ఆకుపచ్చ ప్లగ్ పీకాను. చివర దుమ్ము ఉందేమో అని ఉఫ్ అని నోటితో ఊది, టీషర్ట్‌కి తుడిచి, మళ్లీ పెట్టేశాను. చిన్నప్పుడు వీడియో గేమ్ క్యాసెట్‌కి మనమందరం చేసిన వైద్యమే. వెంటనే మోడెమ్ మీద ఎల్ఓఎస్ అని రాసి ఉండే లైటు ఎర్రగా వెలగడం మొదలుపెట్టింది. కస్టమర్ కేర్‌కి ఫోన్ చేస్తే ఒకసారి ఆపి ఆన్ చేయమన్నారు. చేశాను. మళ్లీ చేయమన్నారు. మళ్లీ చేశాను. ఇక కోపం వచ్చి, నేను బీటెక్ చదివాను, సాఫ్ట్‌వేర్‌లో పనిచేశాను, ప్రాబ్లం మీ లైన్లోనే ఉంది అని గొంతు పెంచి మరీ చెప్పాను.

రెండో రోజు సాయంత్రం లైన్‌మ్యాన్ అన్న వచ్చాడు. ఏమీ మాట్లాడకుండా ప్లగ్ తీసి, అరచేతిలో పట్టే ఒక మీటర్‌కి పెట్టాడు. మైనస్ 29 చూపించింది. "సార్, దీన్ని ఎవరన్నా ముట్టుకున్నారా?" అన్నాడు. "లేదన్నా" అన్నాను. సంచిలోంచి నూగు రాలని చిన్న గుడ్డ ముక్క, స్పిరిట్ సీసా తీసి, ప్లగ్ చివరని ఒకే వైపుకి రెండు సార్లు తుడిచి, మళ్లీ కొలిచాడు. మైనస్ 23. ప్లగ్ పెట్టగానే ఎర్ర లైటు ఆరిపోయింది.

నేను చెప్పింది అబద్ధమని ఆయనకి అర్థమయ్యే ఉంటుంది. ఏమీ అనలేదు. ఆ రాత్రి నాకు నిద్ర పట్టక, అసలు ఆ మైనస్ 29 ఏంటి, మైనస్ 23 ఏంటి అని చదవడం మొదలుపెట్టాను. చదివే కొద్దీ అర్థమైంది ఏంటంటే, ఫైబర్ చరిత్ర మొత్తం ఒకే ప్రశ్న చుట్టూ తిరిగింది: వెలుగు ఎక్కడ పోతోంది? జవాబు దొరికిన ప్రతిసారీ నిందపడ్డవాడు ఒకడు, నేరం చేసినవాడు ఇంకొకడు.

ముందు డీబీ సంగతి తేల్చుకుందాం

డెసిబెల్ అనగానే మనకి వినాయక చవితి డీజే గుర్తొస్తుంది. కానీ ఈ కొలత పుట్టింది టెలిఫోన్ తీగల కోసం. అమెరికాలో పాత టెలిఫోన్ ఇంజినీర్లు నష్టాన్ని మైళ్లలో చెప్పుకునేవాళ్లు. అంటే "ఈ లైన్లో పోయిన శబ్దం, మన ప్రామాణిక కేబుల్ ఇన్ని మైళ్లలో పోయేంత" అని. 1920లలో బెల్ సంస్థ ఇంజినీర్లు దాని స్థానంలో ఒక లెక్క ప్రకారం నడిచే కొలత తెచ్చారు. తర్వాత దానికి అలెగ్జాండర్ గ్రాహం బెల్ పేరు మీద డెసిబెల్ అని పేరు పెట్టారు. కాబట్టి డీబీకి పుట్టిల్లు కేబులే.

దీని లెక్క చాలా తేలిక. 3 డీబీ పోతే సగం పోయినట్టు. 10 డీబీ పోతే పదో వంతు మిగిలినట్టు. 20 డీబీ పోతే నూటికి ఒక వంతు మిగిలినట్టు. సుఖం ఏంటంటే, దారిలో ఎక్కడెక్కడ ఎంత పోయిందో అన్నీ కూడుకుంటే చాలు, గుణకారాలు అక్కర్లేదు. నా ప్లగ్ దగ్గర పోయింది 6 డీబీ. అంటే నాలుగింట మూడు వంతుల వెలుగు నా టీషర్ట్ మింగేసింది అన్నమాట.

కపానీ దగ్గర ఆగిన దూరం

ఫైబర్ అనగానే మన వాట్సాప్ గ్రూపుల్లో ఒక ఫార్వర్డ్ తిరుగుతుంటుంది: "ఫైబర్ కనిపెట్టింది భారతీయుడు, నోబెల్ ఇంకెవరికో ఇచ్చేశారు" అని. ఆ పేరు నరీందర్ సింగ్ కపానీ. పంజాబ్‌లోని మోగాలో పుట్టారు, ఆగ్రాలో చదివారు, తర్వాత లండన్ ఇంపీరియల్ కాలేజీకి వెళ్లారు. అక్కడ హెరాల్డ్ హాప్కిన్స్‌తో కలిసి వేల కొద్దీ సన్నటి గాజు పోగులని కట్టగా కట్టి, ఒక చివర ఉన్న బొమ్మని రెండో చివరకి పంపించారు. ఆ పేపర్ 1954లో నేచర్ పత్రికలో వచ్చింది. అదే సంచికలో నెదర్లాండ్స్‌కి చెందిన వాన్ హీల్ పేపర్ కూడా వచ్చింది. ఆయన చెప్పింది ఇంకో ముఖ్యమైన మాట: గాజు పోగుకి తొడుగు ఉండాలి, లేకపోతే వెలుగు పక్కకి కారిపోతుంది. "ఫైబర్ ఆప్టిక్స్" అనే మాటని లోకానికి అలవాటు చేసింది మాత్రం కపానీయే. 2020లో ఆయన చనిపోయారు, 2021లో మన ప్రభుత్వం పద్మవిభూషణ్ ప్రకటించింది.

మరి ఫార్వర్డ్ చెప్పేది నిజమేనా? సగమే నిజం. కపానీ వాళ్ల కట్ట పొడవు ఒక మీటరు కూడా లేదు. డాక్టర్లు కడుపులోకి చూడటానికి అది చాలు, 1950ల చివరికి ఎండోస్కోపీ అలాగే వచ్చింది. కానీ ఊరి నుంచి ఊరికి మాట పంపాలంటే? ఆ రోజుల్లో దొరికే మంచి గాజులో కూడా నష్టం కిలోమీటర్‌కి సుమారు 1000 డీబీ. లెక్క కట్టండి: 20 మీటర్లు వెళ్లేసరికే 20 డీబీ పోయింది. అంటే ఇంటి హాల్లోంచి వీధి గేటు దాకా వెళ్లేలోపు నూటికి తొంభై తొమ్మిది వంతులు ఖతం.

అందుకే 1960లో లేజర్ వచ్చాక కూడా టెలిఫోన్ కంపెనీలు గాజు వైపు చూడలేదు. గాజు అంతే, దాని స్వభావమే అంత అనుకున్నారు. బెల్ ల్యాబ్స్ లాంటి పెద్ద సంస్థ బోలు లోహపు గొట్టాల్లో రేడియో తరంగాలు పంపే పని మీద ఏళ్ల తరబడి కష్టపడింది.

గాజుకి వకీలు దొరికాడు

ఇక్కడ కథలోకి వస్తాడు చార్ల్స్ కావో. షాంఘైలో పుట్టి, ఇంగ్లండ్‌లోని హార్లో అనే ఊళ్లో స్టాండర్డ్ టెలికమ్యూనికేషన్ ల్యాబొరేటరీస్‌లో పనిచేస్తున్న ముప్పై ఏళ్ల ఇంజినీర్. జార్జ్ హాకమ్ అనే సహోద్యోగితో కలిసి 1966 జూలైలో ఒక పేపర్ వేశాడు. అందులో అడిగిన ప్రశ్న చాలా సింపుల్: ఈ 1000 డీబీలో గాజు వల్ల పోయేది ఎంత, గాజులో ఉన్న మలినాల వల్ల పోయేది ఎంత?

లెక్క వేస్తే తేలింది ఏంటంటే, గాజు స్వతహాగా మింగేది కిలోమీటర్‌కి కొద్ది డీబీలే. మిగతాదంతా ఇనుము, రాగి, క్రోమియం లాంటి లోహాల అణువులు చేసే పని. పది లక్షల పాళ్లలో కొన్ని పాళ్లు ఉన్నా చాలు, వెలుగుని తాగేస్తాయి. కిటికీ అద్దాన్ని పక్క నుంచి చూస్తే పచ్చగా కనిపిస్తుంది చూశారా? ఆ పచ్చదనం ఇనుముదే.

కావో ఒక గీత గీశాడు. కిలోమీటర్‌కి 20 డీబీ. అంటే కిలోమీటర్ తర్వాత ఒక శాతం వెలుగు మిగిలితే చాలు, టెలిఫోన్ వ్యవస్థ నడపొచ్చు అన్నాడు. చాలామంది నమ్మలేదు. నమ్మాలంటే అంత తక్కువ నష్టం ఉన్న గాజు ముక్కని చూపించాలి, చూపించాలంటే కొలవాలి. అసలు చిక్కంతా అక్కడే వచ్చింది.

ఎందుకో చెప్తా చూడండి. చేతిలో 20 సెంటీమీటర్ల గాజు కడ్డీ ఉందనుకుందాం. దాని నష్టం కిలోమీటర్‌కి 5 డీబీ అయితే, ఆ కడ్డీలో పోయే వెలుగు 0.02 శాతం. కానీ వెలుగు గాజులోకి వెళ్లేటప్పుడు, బయటికి వచ్చేటప్పుడు ఒక్కో ముఖం దగ్గర సుమారు 4 శాతం వెనక్కి తిరిగిపోతుంది. అంటే పెళ్లి బ్యాండు మధ్యలో నిలబడి చీమ నడిచే చప్పుడు వినాలి అన్నట్టు. కావో, ఆయన సహచరులు పొడవులో తేడా ఉన్న గాజు ముక్కలని పోల్చి, ముఖాల దగ్గర పోయేది రెండింట్లోనూ సమానం కాబట్టి కొట్టేసి, మిగిలిన తేడాని మాత్రం పట్టుకున్నారు. 1969లో ఎం. డబ్ల్యూ. జోన్స్, కావో కలిసి శుద్ధమైన సిలికా గాజులో నష్టం నిజంగానే కిలోమీటర్‌కి కొద్ది డీబీల స్థాయిలో ఉందని చూపించారు. గాజు నిర్దోషి అని మొదటి సాక్ష్యం అది. సాక్ష్యం ఇచ్చింది ఒక కొలత.

శుక్రవారం సాయంత్రం

కడ్డీ వేరు, వెంట్రుకంత పోగు వేరు. ఆ పోగుని తీసింది అమెరికాలోని కార్నింగ్ కంపెనీ. రాబర్ట్ మౌరర్, డొనాల్డ్ కెక్, పీటర్ షుల్ట్జ్ అనే ముగ్గురు. మిగతావాళ్లు మామూలు గాజుని కడిగి కడిగి శుభ్రం చేయాలని చూస్తుంటే, వీళ్లు వేరే దారి పట్టారు. ఇసుకని కరిగించడం మానేసి, సిలికాన్ టెట్రాక్లోరైడ్ ఆవిరిని మంటలోకి పంపి, అందులోంచి రాలే సన్నటి మసిలాంటి పొడితో గాజు తయారుచేశారు. ఈ పద్ధతి కార్నింగ్‌లోనే 1930లలో ఫ్రాంక్లిన్ హైడ్ కనిపెట్టింది. దీనిలో గొప్పతనం ఏంటంటే, ఆవిరి పైకి లేచేటప్పుడు ఇనుము లాంటి బరువు లోహాల సమ్మేళనాలు చాలావరకు అడుగునే ఉండిపోతాయి. మన ఇళ్లల్లో ఆవిరి పట్టి నీళ్లు శుద్ధి చేసే సూత్రమే.

1970 ఆగస్టు 7, శుక్రవారం సాయంత్రం. కెక్ ఒక్కడే ల్యాబ్‌లో కూర్చుని కొత్త పోగులోకి లేజర్ వెలుగు పంపి కొలిచాడు. లెక్క కట్టి, కిలోమీటర్‌కి 17 డీబీ అని రాసుకుని, నోట్‌బుక్‌లో పక్కనే "వూపీ!" అని ఒక కేక రాసుకున్నాడు. కావో గీసిన గీత దాటేశారు. అదే ఏడాది గది వేడిమిలో ఆగకుండా వెలిగే చిన్న సెమీకండక్టర్ లేజర్ కూడా వచ్చింది, లెనిన్‌గ్రాడ్‌లో అల్ఫెరోవ్ బృందం, అమెరికాలో బెల్ ల్యాబ్స్ బృందం వేర్వేరుగా చేసి చూపించాయి. వెలుగూ దొరికింది, దారీ దొరికింది.

ఆ తర్వాత వేగం చూడండి. 1972కి 4 డీబీ. 1979లో జపాన్‌కి చెందిన ఎన్‌టీటీ వాళ్లు 0.2 డీబీకి తెచ్చేశారు. ఇవాళ మన ఊరి మీదుగా పోయే కేబుళ్లు కూడా దాదాపు అక్కడే ఉన్నాయి. నూటికి ఒక వంతు మిగిలే దూరం మొదట 20 మీటర్లు. కావో అడిగింది ఒక కిలోమీటరు. ఇప్పుడు 100 కిలోమీటర్లు. అంటే విజయవాడలో వెలుగు వదిలితే, మధ్యలో ఏ సహాయం లేకుండా 100 కిలోమీటర్ల అవతల కూడా ఒక శాతం బతికి ఉంటుంది.

కావోకి 2009లో నోబెల్ వచ్చింది. అప్పటికే ఆయనకి ఆల్జీమర్స్. స్టాక్‌హోమ్‌లో నోబెల్ ఉపన్యాసం ఆయన బదులు భార్య గ్వెన్ చదివారు. లోకం జ్ఞాపకాలన్నీ మోసే తీగకి దారి చూపించిన మనిషి, తన పనిని తానే గుర్తుపట్టలేని స్థితి. ఇది చదివినప్పుడు కాసేపు ఆగిపోయాను అండీ.

ఇక అతుకు దగ్గరికి వద్దాం

గాజు గెలిచింది. కానీ కేబుల్ రీలుకి ఒక పొడవు ఉంటుంది కదా, అతుకు వేయాలి. మెషిన్లకి పెట్టాలి, తియ్యాలి, మళ్లీ పెట్టాలి. రాగి తీగ అయితే పురిపెడితే అయిపోయె. ఇక్కడ అలా కుదరదు. దూరాలకి వాడే ఫైబర్ మొత్తం మందం 125 మైక్రాన్లు, వెలుగు నడిచే నడిమి దారి సుమారు 9 మైక్రాన్లు. అలాంటి రెండు దారులు ఎదురెదురుగా నిలబడాలి. ఒక్క మైక్రాన్ పక్కకి జరిగితే సుమారు 0.2 డీబీ పోతుంది. 0.2 డీబీ అంటే ఒక కిలోమీటరు గాజులో పోయేంత. రెండు మైక్రాన్లు జరిగితే అరడీబీ దాటిపోతుంది.

దీనికి రెండు దారులు దొరికాయి. ఒకటి, విద్యుత్ నిప్పురవ్వతో రెండు చివరలని కరిగించి అతికేయడం. రోడ్డు పక్కన గొడుగు వేసుకుని, చిన్న పెట్టె ముందు కూర్చుని పనిచేసేవాళ్లని చూసే ఉంటారు, అది స్ప్లైసింగ్ మెషిన్. బాగా కుదిరితే నష్టం 0.1 డీబీ కూడా ఉండదు. రెండోది కనెక్టర్, అంటే పీకి పెట్టుకునే ప్లగ్. బెల్ ల్యాబ్స్ వాళ్లు 1970లలో శంకువు ఆకారంలో ఒకటి చేశారు. తర్వాత జపాన్ ఎన్‌టీటీ వాళ్లు ఎఫ్‌సీ, ఎస్‌సీ రకాలు తెచ్చారు. పింగాణీ లాంటి గట్టి జిర్కోనియాతో చేసిన కడ్డీ, దాని మధ్యలో సన్నటి రంధ్రం, ఆ రంధ్రంలో ఫైబర్. ఆ కడ్డీనే ఫెర్రూల్ అంటారు. ఎస్‌సీలో అది 2.5 మిల్లీమీటర్లు. 1990లలో లూసెంట్ తెచ్చిన ఎల్‌సీలో అందులో సగం.

మొదట్లో రెండు ఫైబర్ చివరలు తగిలితే గీతలు పడతాయని మధ్యలో కాస్త ఖాళీ వదిలేవాళ్లు. ఆ ఖాళీలో గాలి ఉంటుంది, ముఖానికి 4 శాతం చొప్పున వెలుగు వెనక్కి పోతుంది. పోవడం ఒక నష్టం, అలా వెనక్కి వెళ్లిన వెలుగు లేజర్‌ని కలవరపెట్టడం ఇంకో నష్టం. అందుకని చివరని కొంచెం గుండ్రంగా సానబెట్టి, రెండు ముఖాలు నిజంగా ఒకదాన్నొకటి తాకేలా చేశారు. ఆ తర్వాత 8 డిగ్రీలు ఏటవాలుగా సానబెట్టారు, తిరిగి వచ్చే వెలుగు దారి తప్పి పక్కకి పోయేలా. నీలం రంగు ప్లగ్ నిటారుగా సానబెట్టింది, ఆకుపచ్చ రంగు ఏటవాలుది. ఈ రెండిటినీ ఒకదానికొకటి పెట్టకూడదు, సరిగ్గా తాకవు. నేను పీకింది ఆకుపచ్చది.

ఇప్పుడు నా టీషర్ట్ సంగతి ఆలోచించండి. నడిమి దారి 9 మైక్రాన్లు. బట్ట నూగు, వేలి జిడ్డు, నోటి తుంపర, వీటిలో ఏది పడినా దారి మూసుకుపోతుంది. ఎన్ని కోట్లు పోసి గాజులోంచి ఇనుము అణువుల్ని తీసేశారో, ఆ కష్టాన్నంతా నేను ఒక్క ఊదుతో వెనక్కి తోసేశాను. 1966లో కావో చెప్పిన మాటే మళ్లీ నిజమైంది: తప్పు గాజుది కాదు, మురికిది. కాకపోతే ఆ మురికి గాజు లోపలి నుంచి గాజు చివరకి వచ్చి కూర్చుంది.

కొయ్యకుండా చూసే కన్ను

నష్టాన్ని కొలవడానికి మొదట్లో ఉన్న పద్ధతి వింటే నవ్వొస్తుంది. చివర ఎంత వెలుగు వస్తుందో కొలవాలి. తర్వాత మొదటి దగ్గర రెండు మీటర్లు వదిలి ఫైబర్ కోసెయ్యాలి. అక్కడ ఎంత వస్తుందో కొలవాలి. తేడాయే నష్టం. ల్యాబ్‌లో ఇప్పటికీ ఇది నమ్మకమైన పద్ధతే, కానీ భూమిలో పాతిన కేబుల్‌ని కోస్తామా?

1976లో హ్యూస్ రీసెర్చ్ ల్యాబ్స్‌లో బార్నోస్కీ, జెన్సెన్ ఇంకో ఉపాయం చూపించారు. గాజులో నడిచే వెలుగులో అతి కొద్ది భాగం ప్రతి అంగుళం దగ్గరా వెనక్కి చెదురుతుంది. ఒక చిన్న మెరుపు పంపి, వెనక్కి వచ్చే ఆ మసక వెలుగుని కాలం ప్రకారం గీసుకుంటూ పోతే, కేబుల్ మొత్తం ఒక గ్రాఫ్ అయిపోతుంది. గాజులో వెలుగు సెకనుకి సుమారు రెండు లక్షల కిలోమీటర్లు వెళ్తుంది. కాబట్టి మైక్రోసెకను తర్వాత వచ్చిన వెలుగు 100 మీటర్ల అవతల తగిలి వచ్చిందని లెక్క. ఏటవాలు గీత అంటే గాజు. చిన్న మెట్టు అంటే అతుకు. పైకి లేచిన ముల్లు అంటే కనెక్టర్. గీత ఒక్కసారిగా పాతాళానికి పడిపోతే కేబుల్ తెగింది అక్కడే. దీన్నే ఓటీడీఆర్ అంటారు. జేసీబీ ఏ మలుపు దగ్గర కేబుల్ తెంపిందో ఆఫీసులో కూర్చుని చెప్పేది ఇదే.

మన ఇంటి లెక్క

ఇప్పుడు మైనస్ 23కి వద్దాం. ఆపరేటర్ ఆఫీసులో మెషిన్ ప్లస్ 3 దగ్గర వెలుగు వదిలిందనుకోండి. దారిలో స్ప్లిటర్ ఉంటుంది, ఒక ఫైబర్ వెలుగుని 64 ఇళ్లకి పంచుతుంది. దానికే సుమారు 20 డీబీ ఖర్చు. ఐదారు కిలోమీటర్ల గాజుకి ఒకటిన్నర, రెండు. అతుకులు, ప్లగ్గులు కలిపి మూడు, నాలుగు. కూడితే మైనస్ 22, 23 దగ్గర ఇంటికి చేరుతుంది. మోడెమ్ మైనస్ 27, 28 దాకా చదవగలదు. మైనస్ 27 అంటే రెండు మైక్రోవాట్లు మాత్రమే. ఆ కొంచెం వెలుగులోనే మీరు ఇప్పుడు చూస్తున్న ఈ వీడియో వస్తోంది. నా మైనస్ 29తో ఆ గీత దాటిపోయింది, అందుకే ఎర్ర లైటు.

ఆ లెక్కలో గాజు వాటా ఎంత తక్కువో గమనించారా? మన దగ్గర ఆంధ్రప్రదేశ్ ఫైబర్‌నెట్ కేబుల్ కరెంటు స్తంభాల మీదుగా ఊళ్లకి వెళ్లింది. తెలంగాణలో మిషన్ భగీరథ నీళ్ల పైపులకి తవ్విన కందకాల్లోనే ఫైబర్ గొట్టాలు కూడా వేశారు. దూరం అనే సమస్యని గాజు ఎప్పుడో తీర్చేసింది. ఇంకా మనిషి చేతి మీదే ఆధారపడింది అతుకు, ప్లగ్, స్పిరిట్ గుడ్డ. ఎండలో స్తంభం ఎక్కి ఆ పని చేసేవాళ్లని మనం ఫోన్లో అరుస్తాం. నేను అరిచాను.

నాలుగు రోజుల తర్వాత ఆ అన్నకి ఫోన్ చేశాను. "అన్నా, ఆ ప్లగ్ నేనే పీకాను, నోటితో ఊదాను, ఆ రోజు అబద్ధం చెప్పాను" అన్నాను. నవ్వి, "తెలుసు సార్, అందరూ ఊదుతారు" అన్నాడు.

కాబట్టి ఇంట్లో పెద్దవాళ్లకి, పిల్లలకి చెప్పండి: ఆకుపచ్చ ప్లగ్ పీకొద్దు, పీకితే ఊదొద్దు, చివరలోకి కళ్లు పెట్టి అసలు చూడొద్దు, ఆ వెలుగు కంటికి కనిపించదు. లైన్‌మ్యాన్ వస్తే నిజం చెప్పండి, కొలిచే మనిషి దగ్గర అబద్ధం నిలవదు. ఎపిసోడ్ నచ్చితే షేర్ చేయండి, మీ ఇంటి మీటర్ ఎంత చూపించిందో కామెంట్లో రాయండి. మళ్లీ వారం కలుద్దాం. ఉంటాను.